జెస్సీ ఇచ్చిన ఉత్తరం

మార్కాపురం,
జూలై 9.

తమ్ముడు స్టాన్లీకి,

అక్క రాసేది. ఫోన్ చేతిలో పెట్టుకుని ఉత్తరం రాయడమేమిటని నవ్వకు. నీకు ఫోన్ చేస్తే పక్కనే జెస్సీ ఉంటుంది. వాట్సాప్ పెడితే నీ ఫోన్ సగం రోజు దాని చేతిలోనే ఉంటుంది. అందుకే ఆసుపత్రిలో డ్యూటీ దిగి వస్తూ పోస్టాఫీసులో కవర్లు కొన్నాను. ఇంటికి కాకుండా నీ ఫ్యాక్టరీ అడ్రసుకి పంపుతున్నాను. చదివాక అక్కడే చించెయ్. మరదలికి కూడా చెప్పకు, ఆమె ఎప్పుడూ జెస్సీ పక్షమే.

విషయానికి వస్తాను. వేసవి సెలవులకి జెస్సీ మీ ఇంటి నుంచి ఇక్కడికి వచ్చినప్పుడు పెరట్లో నిలబడి ఎవరితోనో ఫోన్లో మాట్లాడుతోంది. నేను బట్టలు ఆరేస్తున్నాను, దుప్పటి అడ్డం ఉండటంతో నన్ను చూసుకోలేదు. "నన్ను మళ్ళీ సస్పెండ్ చేశారే. నేను అక్కడికి రాగానే, ఆదివారం హెడ్మాస్టర్ గదిలోకి దూరాల్సిందే. నా అబద్ధం ఆరు ఉంది, సరిపోతుందిలే" అంది. నా చేతిలో తడి చీర అలాగే ఉండిపోయింది. తొమ్మిదో తరగతి పిల్లని సస్పెండ్ చేస్తే తల్లికి కబురు పెట్టరా? ఆదివారం ఏ బడి తెరుస్తారు? అబద్ధానికి ఆరు ఏమిటి, ఏడు ఏమిటి?

అది స్నానానికి వెళ్ళినప్పుడు సంచి చూశాను. పుస్తకాల అడుగున రేగుపండంత పాచిక దొరికింది. నీలం రంగు, ఇరవై ముఖాలు. పచ్చీసు ఆడే పాచిక కాదు, నేనెక్కడా చూడని రకం. ఏసుప్రభువు అంగీ కోసం సైనికులు చీట్లు వేసుకున్న సంగతి నువ్వూ నేనూ ఒకే బెంచీ మీద కూర్చుని సండే స్కూల్లో విన్నాం. అలాంటి వస్తువు నా కూతురి సంచిలోకి ఎలా వచ్చిందో నాకు తెలియాలి.

నువ్వు నన్ను అనుమానం మనిషివంటావు. అవును, అనుమానం మనిషినే. దాని నాన్న జేబు ఒక్కనాడూ చూడని ఇల్లాలిని నేను. ఒంగోల్లో ఆయనకి ఇంకో కాపురం ఉందని మా వీధి చివర కిళ్ళీ కొట్టువాడికి తెలిసిన తర్వాత నాకు తెలిసింది. ఆ సిగ్గు నేను మళ్ళీ పడలేను. నా బిడ్డ విషయంలో అసలే పడలేను.

ఆదివారాలు అది ఎక్కడికి పోతోందో, ఎవరితో కూర్చుంటోందో చూసి రాయి. నువ్వు చూస్తున్నట్టు దానికి తెలియకూడదు.

అక్క,
ప్రేమకుమారి.


పీణ్య, బెంగళూరు,
జూలై 20.

అక్కా,

చేత్తో రాసిన కవరు నా బల్ల మీదికి రాగానే మా సూపర్వైజరు "ఏం స్టాన్లీ, కోర్టు నోటీసా?" అని అడిగాడు. దాదాపు అంతేనన్నాను. ఫ్యాక్టరీలో నా పనే తనిఖీ. వచ్చిన ప్రతి ఇనప ముక్కనీ కొలిచి పాసో ఫెయిలో చెప్పాలి. ఇప్పుడు మేనకోడల్ని కూడా కొలవమంటున్నావు. సరే, కొలిచాను.

నేరం ఎక్కడో కాదు, మా ఇంటి మిద్దె మీదే జరుగుతోంది. మా ఇంటి ఓనరు కెంపమ్మ గారు నీకు తెలుసుగా, జెస్సీని చేర్చడానికి వచ్చినప్పుడు నీకు అప్పచ్చులు పెట్టిన పెద్దావిడ. వాళ్ళది ముత్తాతల నాటి నుంచీ బెంగళూరే. మాట్లాడేది మన తెలుగే అయినా నేను వచ్చిన కొత్తలో సగం అర్థమయ్యేది కాదు. పదేళ్ళు గడిచేసరికి ఇప్పుడు నా నోటికే "ఉండాది" అని వస్తోంది.

ఆమె మిద్దె గదిలో ఆదివారం చర్చి అయ్యాక పిల్లలు చేరతారు. పక్కింట్లో అద్దెకుండే సమీనా అని కడప అమ్మాయి, సాఫ్ట్‌వేర్ ఉద్యోగం, వాళ్ళతో ఒక ఆట ఆడిస్తుంది. బల్ల చుట్టూ కూర్చుని ఆడే కథ ఆట. అందులో ఒక హైస్కూలు ఉంటుంది, లేని ఊళ్ళో లేని హైస్కూలు. ఒక్కొక్కరూ ఒక్కో విద్యార్థి పాత్ర తీసుకుంటారు. గేటు మూసేశారనీ, పరీక్ష పేపరు పోయిందనీ సమీనా చిక్కు చెబుతుంది. "మరి నువ్వేం చేస్తావు?" అని అడుగుతుంది. పిల్లలు తమ పాత్ర ఏం చేస్తుందో చెప్పి పాచిక వేస్తారు. పెద్ద అంకె పడితే పని అయినట్టు, చిన్నది పడితే పట్టుబడినట్టు. జెస్సీ పాత్ర పేరు రేవతి. రేవతికి ధైర్యం రెండు మార్కులు, అబద్ధం ఆరు మార్కులు. సస్పెండ్ అయింది ఆ రేవతి. నీ కూతురికి మొన్నటి సైన్సు పరీక్షలో క్లాసులో రెండో స్థానం.

ఇందులో జూదం లేదు, చేతబడి లేదు. బొరుగులు, టీ మాత్రం ఉన్నాయి. పోయిన ఆదివారం వాన దంచికొట్టింది. హెడ్మాస్టర్ గది తలుపు తీస్తుండగా కరెంటు పోయి మేము ఆట సగంలో ఆపేశాం.

నువ్వు నిశ్చింతగా నిద్రపో.

స్టాన్లీ.


మార్కాపురం,
ఆగస్టు 2.

స్టాన్లీ,

నీ జాబు చదివాక ఉన్న నిద్ర కూడా పోయింది.

"మేము ఆట సగంలో ఆపేశాం" అని రాశావు. మేము అంటే ఎవరు? నేను చూసి రమ్మన్నాను, నువ్వు కూర్చుని వచ్చినట్టున్నావు. చిన్నప్పుడు కూడా ఇంతే, నిన్ను కాపలా పెట్టిన జామచెట్టు కాయలు నీ జేబులోనే దొరికేవి.

నాకు కొన్ని సంగతులు అర్థం కావడం లేదు. వారంలో ఆరు రోజులు బడిలో మగ్గే పిల్లలు ఏడో రోజున బడి ఆట ఎందుకు ఆడతారు? ఉద్యోగం చేసుకునే ఆ సమీనాకి ఆదివారం పూట పక్కిళ్ళ పిల్లల రహస్యాలతో పనేమిటి? అన్నిటికంటే నాకు గుచ్చుకున్నది ఆ రేవతి. మనం పెట్టిన పేరు ఉండగా ఇంకో పేరెందుకు? జెస్సీ అబద్ధమాడితే నేను పట్టుకుంటాను, దాని కనురెప్పలు చెబుతాయి. రేవతి ఆడితే ఎవరు పట్టుకోవాలి? వాళ్ళ నాన్న కూడా ఒంగోల్లో ఇంకో పేరుతోనే ఇల్లు అద్దెకి తీసుకున్నాడు.

ఆ రేవతికి తల్లి ఉందా? ఉంటే ఎలాంటిదని చెబుతోంది? ఇది కనుక్కో.

ఇంకొకటి. "పిల్లలు" అని రాసి ఊరుకున్నావు. అందులో మగపిల్లలు ఎవరు? ఎవరి బిడ్డలు? నువ్వు రాసిన చోట నాకేమీ భయం లేదురా. నువ్వు రాయకుండా వదిలిన చోటే నాకు విషయం కనపడుతుంది.

అక్క.


పీణ్య, బెంగళూరు,
ఆగస్టు 19.

అక్కా,

దొరికిపోయాను, ఒప్పుకుంటున్నాను. నీటి ట్యాంకు చూసే నెపంతో మిద్దెక్కాను. తలుపు దగ్గర నిలబడి తొంగిచూస్తుంటే సమీనా పట్టుకుంది. "నిలబడి చూస్తే పిల్లలకి ఇబ్బంది సార్. కూర్చుంటే పాత్ర వేయాలి" అంది. వెనక్కి వెళ్ళిపోతే అనుమానం వస్తుందని కూర్చున్నాను. ఇప్పుడు నేను ఆ హైస్కూల్లో అటెండర్ చెన్నయ్యని. గంట కొట్టేది నేనే, తాళాలు నా దగ్గరే. ఇంతవరకూ రేవతికి రెండుసార్లు గేటు తీశాను. నీకు చెప్పకూడదనుకున్నాను కానీ, వారమంతా ఇనుము కొలిచి కొలిచి ఆదివారం ఆ గంట కొడుతుంటే నాకు హాయిగా ఉంది.

నువ్వు అడిగిన పేర్లు రాస్తున్నాను. అర్పిత, కెంపమ్మ గారి మనవరాలు. అమరనాథ్, జెస్సీ క్లాసువాడే. వాళ్ళ నాన్నకి నగర్తపేటలో ఇత్తడి సామాన్ల కొట్టు ఉంది. ఆటలో వాడు క్లాసు లీడరు. బయట మాత్రం గట్టిగా పిలిస్తే ఉలిక్కిపడే రకం. మగపిల్లాడు వాడొక్కడే. రేవతికి తల్లి ఉంది. అంతకు మించి జెస్సీ చెప్పలేదు, నేను అడగలేదు.

పోయిన ఆదివారం మా ఫ్యాక్టరీకి కస్టమర్ల తనిఖీ ఉండి నేను ఆటకి వెళ్ళలేదు. సాయంత్రం ఇంటికి వస్తే కెంపమ్మ గారు మెట్ల దగ్గర ఆపింది. ఆమె మాటల్లోనే రాస్తున్నాను, మళ్ళీ నేనేదో దాచానంటావు. "మీ పాప శానా గట్టిదప్పా. ఆ అమరనాథ్ అడిగినాడు. అడగతానే లేసి నిలబడి, కండ్లల్లో నీళ్ళు పెట్టుకోని, వానికి ఉత్తరం ఇచ్చేసె. మేమందురూ చూస్తానే ఉంటిమి" అంది.

జెస్సీని అడిగితే "అది ఆటలో సంగతి మామయ్యా" అని లేచిపోయింది. అప్పట్నుంచీ కాస్త ముభావంగా ఉంది. నువ్వు కంగారు పడతావని ఇది రాయకూడదనుకున్నాను. రాయని చోటే విషయం ఉంటుందన్నావు కదా, అందుకే రాస్తున్నాను.

స్టాన్లీ.


మార్కాపురం,
ఆగస్టు 27.

స్టాన్లీ,

అందింది.

కెంపమ్మ గారికి నా నమస్కారాలు చెప్పు. సొంత తమ్ముడి కంటే ఆ పరాయి మనిషి నయం. చూసింది చూసినట్టు చెప్పింది.

అందరి ముందూ లేచి నిలబడి, ఏడుస్తూ ఇచ్చిందా? పద్నాలుగేళ్ళు నిండీ నిండని పిల్ల. నువ్వేమో అది ముభావంగా ఉందని, నీకు గంట కొడుతుంటే హాయిగా ఉందని ఒకే కాగితం మీద రాస్తావు. నిన్ను నమ్మి పంపాను. నా తప్పు.

అందులో ఏముందో నేను అడగను. నాకు తెలుసు. ఇకమీదట నువ్వు ఏమీ కనుక్కోవద్దు, ఏమీ రాయొద్దు. గుంటూరు దగ్గర రెసిడెన్షియల్ స్కూల్లో సీటుకి మాట్లాడాను. దసరా సెలవులు అయ్యాక చేర్చుకుంటామన్నారు. అక్కడ ఫోన్లు లేవు. రోజూ సాయంత్రం వార్డెన్ సంచులు, పెట్టెలు చూస్తుంది. బయటి నుంచి వచ్చే ఆదివారం ఆటలేవీ ఆ గేటు దాటవు. సెలవులివ్వగానే వచ్చి జెస్సీని తీసుకెళ్తాను. అప్పటిదాకా దానికి చెప్పకు.

కెంపమ్మ గారికి నేరుగా ఒక జాబు రాశాను. జరిగింది ఆమె మిద్దె మీద కాబట్టి నా బాధ ఆమెకు తెలియాలి.

ప్రేమకుమారి.


పీణ్య, బెంగళూరు,
సెప్టెంబరు 8.

అక్కా,

ఏమీ రాయొద్దన్నావు. అయినా రాస్తాను, నువ్వు చదవాలి.

కెంపమ్మ గారికి తెలుగు మాట్లాడటం వచ్చు, చదవటం రాదు. ఇక్కడి పాత తెలుగువాళ్ళంతా అంతే. ఇంట్లో తెలుగు, బళ్ళో కన్నడం. వాళ్ళు ఇంటి సామాన్ల చీటీ కూడా కన్నడ అక్షరాల్లోనే రాసుకుంటారు. అది నీకు తెలియదు. నాకు తెలుసు, కానీ నువ్వు ఆమెకు ఉత్తరం రాస్తావని నాకు తెలియదు.

నీ జాబు వస్తే ఆమె సంబరపడింది. ఆమెకి పోస్టులో ఎవరైనా చేత్తో రాసిన జాబు వచ్చి ఎన్నేళ్ళయిందో. దేవుడి పటం దగ్గర పెట్టి ఉంచింది. ఆదివారం మేమంతా మిద్దె మీద కూర్చున్నాక పైకి తెచ్చింది. సమీనా ఉంది, అర్పిత ఉంది, అమరనాథ్ ఉన్నాడు, నేనున్నాను. "మీ యమ్మ నాకు కాగదం రాసిండాది చూడు పాపా. నాకీ అక్షరాలు రావు. నువ్వే చదివి చెప్పు, అందురూ విననీ" అని జెస్సీ చేతికిచ్చింది.

జెస్సీ నవ్వుతూ విప్పింది. తనని బాగా చూసుకుంటున్నందుకు నువ్వు కృతజ్ఞతలు రాశావనుకుంది. గొంతు సవరించుకుని, చర్చిలో వాక్యం చదివినట్టు పెద్దగా మొదలుపెట్టింది. మొదటి వాక్యంలో నువ్వు ఆమె ఆరోగ్యం అడిగావు. రెండో వాక్యం దగ్గర అది ఆగింది. నేను లేచి కాగితం లాక్కోబోయాను. చెయ్యి అడ్డం పెట్టి చివరిదాకా చదివింది అక్కా. ఒక్క మాట మింగలేదు. "మా అమ్మాయి మీ మిద్దె మీద ఒక అబ్బాయికి ప్రేమలేఖ ఇచ్చిన సంగతి మీ వల్లనే తెలిసింది" అన్నది చదివింది. "తండ్రి బుద్ధులు బిడ్డకి రాకుండా ఎక్కడికి పోతాయి" అన్నది చదివింది. "దసరాకి తీసుకెళ్ళి హాస్టల్లో పడేస్తాను" అన్నది చదివింది. అమరనాథ్ అక్కడే కూర్చుని ఉన్నాడు. వాడి చెవులు ఎర్రబడ్డాయి, బల్ల మీద నుంచి తల ఎత్తలేదు. చివర నీ పేరు కూడా చదివి, కాగితం మడిచి, "ఇంతే రాసింది అవ్వా" అని ఆమెకిచ్చి కిందికి వెళ్ళిపోయింది.

కెంపమ్మ గారు తల పట్టుకుంది. "అయ్యో, నేను యాడ చెప్తినప్పా ప్రేమకాగదమని? ఆ పిల్లోడు ప్రశ్న అడిగె, పాప ఉత్తరం ఇచ్చె. అంతే కదా నేను చెప్పింది!" అని నన్ను నిలదీసింది.

అప్పుడు నాకు బుర్రకెక్కింది. ఇక్కడ ఉత్తరం అంటే జవాబు అక్కా. కన్నడంలో ప్రశ్నకి ఇచ్చేది ఉత్తర. మనం ఉత్తరం అనేదాన్ని వీళ్ళు కాగదం అంటారు. పదేళ్ళుగా ఆ మాట చెవిలో పడి పడి, నీకు రాసేటప్పుడు నాకు రెండో అర్థం తోచనే లేదు. నీకు మొదటి అర్థం తోచలేదు. పిల్ల ఎవరికీ ఏమీ రాయలేదు. అడిగిన దానికి జవాబు చెప్పింది.

ఆ జవాబు ఏమిటో నేను సమీనాని అడిగాను. ఆ ఆదివారం ఆటలో పిల్లలు వాన వల్ల తరగతి గదిలో చిక్కుకుపోయారట. ఒకరినొకరు ఒక్కో ప్రశ్న అడగాలి, పాత్ర తరఫున నిజమే చెప్పాలి. క్లాసు లీడరు రేవతిని అడిగాడు. "బడి వదలగానే అందరం ఇంటికి పరిగెత్తుతాం. నువ్వొక్కదానివే గేటు దగ్గర ఎందుకు కూర్చుంటావు?" జెస్సీ లేచి నిలబడి ఇలా చెప్పిందట.

"ఇంటికెళ్ళగానే మా అమ్మ ముందు నా సంచి చూస్తుంది. తర్వాత నా ముఖం చూస్తుంది. కాస్త ఆలస్యంగా వెళ్తే, కంగారుపడి ముందు ముఖం చూస్తుందేమోనని కూర్చుంటాను."

రేవతికి తల్లి ఉందా, ఎలాంటిదని చెబుతోంది అని నువ్వు నన్ను అడిగావు. ఇదీ నీకు ఉత్తరం.

మనిద్దరి మధ్య జాబులు నడుస్తున్నాయని కూడా దానికి తెలిసిపోయింది. నాతో మాట్లాడటం లేదు. పెడితే తింటుంది, అడిగితే తలూపుతుంది. నేను మిద్దెక్కడం మానేశాను. రమ్మని నన్నెవరూ పిలవలేదు.

స్టాన్లీ.


మార్కాపురం,
సెప్టెంబరు 18.

స్టాన్లీ,

ముందు నేను నమ్మలేదు. హాస్టలు తప్పించడానికి నువ్వూ ఆ సమీనా కలిసి కట్టిన కథ అనుకున్నాను. నా బుద్ధి అలాంటిది. మా వార్డులో కాన్పుకి వచ్చిన అమ్మాయి అత్తగారు బళ్ళారి వైపు మనిషి. తనకీ బీపీ చూడమంటే, చూస్తూ మామూలుగా అడిగినట్టు అడిగాను, మీ వైపు ఉత్తరం అంటే ఏమిటండీ అని. "ఇంగేముంటాది సిస్టర్, అడిగినదానికి చెప్పేది" అంది. ఆమె చేతికి కట్టిన పట్టీ విప్పడం మర్చిపోయి అలాగే నిలబడ్డాను. ఆమే గుర్తుచేసింది.

అంటే నేను రాసింది అబద్ధం. ఆ అబద్ధాన్ని నా బిడ్డ చేతే, ఆ అబ్బాయి ముందే చదివించాను.

జెస్సీకి ఫోన్ చేశాను, ఎత్తలేదు. ఉత్తరం రాద్దామని కూర్చున్నాను. ఎలా మొదలుపెట్టినా మూడో వాక్యానికల్లా ప్రశ్నలే వస్తున్నాయి. ఎందుకు చెప్పలేదు, ఎవరికి చెప్పావు, అలా అందరి ముందూ ఎందుకు అన్నావు అని. చించేశాను. దానితో మాట్లాడటానికి నాకు వేరే పద్ధతి రావడం లేదురా. ఇన్నాళ్ళూ కాపలా కాయడమే ప్రేమ అనుకున్నాను. అదైనా సరిగ్గా కాశానా, చూడాల్సిన చోటు వదిలేసి మిగతాదంతా చూశాను.

అక్టోబరు మొదటి వారంలో సెలవు పెట్టి వస్తున్నాను. హాస్టలు సీటు వద్దని చెప్పేస్తాను. ఆ మాట నువ్వు ముందే దాని చెవిన వేయకు. నేనే చెప్పాలి. కెంపమ్మ గారికి, ఆ అమరనాథ్‌కి కూడా నేనే చెప్పుకోవాలి.

అక్క.


పీణ్య, బెంగళూరు,
అక్టోబరు 6.

అక్కా,

ఈసారి ప్రశ్నలు నావి.

నువ్వు వచ్చావు, వెళ్ళావు. కెంపమ్మ గారి చేతులు పట్టుకుని ఏడ్చావు. ఆమె కూడా ఏడ్చి నీకు ఒబ్బట్లు కట్టిచ్చింది. నగర్తపేట దాకా వెళ్ళి, కొట్లో జనం ఉండగానే అమరనాథ్‌తో "తప్పు నాది బాబూ" అన్నావు. వాడు ఏం చెయ్యాలో తెలియక నీకు కుర్చీ వేశాడు. ఇదంతా బాగుంది.

మరి గదిలో నువ్వూ జెస్సీ తలుపేసుకుని ఏం మాట్లాడుకున్నారు? బయటికి వచ్చాక నువ్వు అన్నం ముందు కూర్చుని ముద్ద కలిపి అలాగే వదిలేశావు. బస్సు ఎక్కేటప్పుడు అడిగితే "సీటు సంగతి తర్వాత చెబుతాను" అన్నావు. నిన్నటి నుంచీ జెస్సీ పుస్తకాలు అట్టపెట్టెలో సర్దుతోంది. అర్పితకి తన పాచిక ఇచ్చేసింది. మొన్న ఆదివారం మిద్దెక్కి, రేవతి ఈ బడి నుంచి టీసీ తీసుకుంటోందని చెప్పి దిగి వచ్చిందట. నాతో మాత్రం ఇప్పుడు బాగానే మాట్లాడుతోంది, అదే నాకు ఇంకా భయంగా ఉంది.

రద్దు చేస్తానన్న సీటుకి ఈ సర్దుడు ఏమిటి? మళ్ళీ మాట మార్చావా? మీ తల్లీకూతుళ్ళు నా దగ్గర ఏం దాస్తున్నారు?

స్టాన్లీ.


మార్కాపురం,
అక్టోబరు 12.

తమ్ముడు స్టాన్లీకి,

నేను మాట మార్చలేదు. బస్సు దగ్గర చెప్పలేకపోయాను, నోరు రాలేదు. రాస్తే వస్తుందేమోనని రాస్తున్నాను.

నేను గదిలోకి వెళ్ళేసరికి జెస్సీ మంచం మీద కూర్చుని ఉంది. నన్ను చూడగానే లేచి, బడి సంచి తెచ్చి నా కాళ్ళ దగ్గర పెట్టింది. "కానియ్ అమ్మా, ముందు ఇది చూసెయ్" అంది. వెటకారంగా అనలేదు. కోపంగా అనలేదు. వచ్చినవాళ్ళకి మంచినీళ్ళు ఇచ్చినట్టు మామూలుగా పెట్టింది. సంచి వద్దు తల్లీ, నిన్ను చూడటానికి వచ్చాను అన్నాను. నాకు తెలుసు, ఆ మాట అంటూనే నా కళ్ళు ఒకసారి సంచి మీదికి వెళ్ళాయి. అది చూసింది.

తప్పు నాదే అన్నాను. ఏం అపార్థం చేసుకున్నానో, ఎలా చేసుకున్నానో అన్నీ చెప్పాను. నాన్న మాట ఎత్తినందుకు క్షమించమన్నాను. అన్నీ వింది. సీటు వద్దని చెప్పేస్తున్నాను, నువ్వు మామయ్య దగ్గరే చదువుకో అన్నాను.

"వద్దమ్మా, రద్దు చేయొద్దు. నేను వెళ్తాను" అంది.

అలిగి అంటోందనుకున్నాను. నువ్వు అక్కడ ఉండలేవమ్మా, ఫోన్ ఉండదు, స్నేహితులుండరు, రోజూ సంచి వెతుకుతారు అన్నాను. దాన్ని భయపెట్టడానికి ఆ సీటు తెచ్చిన మనిషే ఇప్పుడు వెళ్ళొద్దని బతిమాలుతోంది, చూడు.

"తెలుసమ్మా, వెతుకుతారని. కానీ వార్డెన్ వెతికితే నాకేమీ అనిపించదు. ఆమె మా అమ్మ కాదు కదా" అంది.

దగ్గరకు తీసుకుంటే వచ్చింది, వచ్చి కాసేపు నిలబడింది. చేతులు మాత్రం పైకి రాలేదు.

నీతో ఎందుకు బాగా మాట్లాడుతోందో, లోపల ఏమనుకుంటోందో కనుక్కోమని రాయబోయాను. ఆ వాక్యం సగం రాసి కొట్టేశాను. పైన కొట్టివేత కనపడితే అదే అనుకో. ఇక దాని గురించి నాకేమీ రాయకు. చెప్పాలనుకుంటే అదే చెబుతుంది. చెప్పకపోతే తెలియకుండానే ఉంటాను, అది నేర్చుకోవాలి.

సోమవారం నేనే వచ్చి దాన్ని గుంటూరు తీసుకెళ్తాను, నువ్వు రావద్దు. గేటు దగ్గర వార్డెన్ పెట్టె తెరిపించి ఒక్కొక్కటీ బయటికి తీస్తుందట. అది తీస్తున్నంతసేపూ నేను పెట్టె వైపు చూడను. జెస్సీ ముఖం చూస్తూ నిలబడతాను. అది నా వైపు తిరుగుతుందో లేదో తెలియదు. తిరగకపోయినా చూస్తూనే నిలబడతాను.

అక్క,
ప్రేమకుమారి.